మినెకో ఎడమ చెవి

కరియా మినెకో ఎడమ చెవి జూన్ నెలలో ఒక గురువారం పొద్దున పోయింది. ఆ సంగతి నాకు శనివారం తెలిసింది. ఆమె ఆస్పత్రిలో చేరింది మంగళవారం మధ్యాహ్నం. శనివారానికీ మంగళవారానికీ మధ్య జారిపోయిన మూడు రోజులకూ బాధ్యుణ్ణి నేను. ఆఫీసులో ఇంతవరకు ఎవరికీ ఈ మాట చెప్పలేదు.

నా పేరు హోరిబె. నగోయాలో, కరోకె యంత్రాలకు పాటలు తయారుచేసే సంస్థలో పరిశీలకుణ్ణి. అసలు పాటలోంచి గాయకుల గొంతు తీసేసి మిగిలిందాన్ని యంత్రంలో పెడతారని చాలామంది అనుకుంటారు. అలా కాదు. ఒక మనిషి కూర్చుని పాటను వంద సార్లు, రెండు వందల సార్లు విని, ఏ వాయిద్యం ఏ స్వరం పలుకుతోందో చెవితో పట్టుకుని, మొత్తం పాటను కీబోర్డు మీద మొదటి నుంచి మళ్ళీ కట్టాలి. డ్రమ్ములు, బేస్ గిటార్, వయొలిన్లు, వంతపాట, ఆఖరికి చప్పట్లు కూడా. అలా కట్టి పంపినదాన్ని అసలు పాట పక్కన పెట్టి తప్పులు వెతకడం నా ఉద్యోగం.

మినెకో గారి పాటల్లో వెతకడానికి నాకేమీ ఉండేది కాదు. ఇరవయ్యారేళ్ళలో నాలుగు వేల పాటలకు పైగా కట్టారావిడ. పెళ్ళి కాలేదు. ఊళ్ళోనే ఇమాఇకె పేటలో మూడో అంతస్తులో తండ్రితో ఉంటూ ఇంట్లోనే పని చేసుకునేవారు. దేశంలో ఏ ఊళ్ళో ఏ గదిలో ఎవరు మైకు పట్టుకున్నా, వాళ్ళ వెనక మోగే వాద్యబృందం చాలాసార్లు ఆవిడ ఒక్కతే. ఆ సంగతి పాడేవాళ్ళకు తెలియదు. తెలియాలని ఆవిడా ఎప్పుడూ అనుకోలేదు.

ఆ జూన్‌లో మా చేతికొచ్చింది అయిదుగురమ్మాయిల బృందం వీడ్కోలు పాట. పదకొండేళ్ళు కలిసి పాడి ఆ వేసవిలో విడిపోతున్నారు. బుధవారం పాట విడుదల. ఆ రోజు పొద్దున్నే కలిసి పాడుకుని ఏడవాలని అభిమానులు వారం ముందే కరోకె గదులు రాయించుకున్నారు. మంగళవారం మధ్యాహ్నానికల్లా మేం పంపకపోతే ఆ గదుల్లో పాట ఉండదు. పాట చూస్తే గుర్రంలా పరిగెడుతుంది, మధ్యలో రెండుసార్లు శ్రుతి మారుతుంది, వెనకేమో అరవైకి పైగా వాయిద్యాల వరసలు. ఇంకెవరికిచ్చినా పదిహేను రోజులు అడుగుతారు. ఆవిడ ఎనిమిది రోజుల్లో ఇస్తానన్నారు.

శనివారం ఆఫీసులో మొదటి సగం తెరిచి విన్నాను. హెడ్‌ఫోన్లు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నాను. వయొలిన్లు నాలుగు చోట్ల అరస్వరం కిందికి ఉన్నాయి. రెండో చరణం ముందు గిటారు అసలే లేదు. అసలు పాట మళ్ళీ విన్నాను. ఆ గిటారు ఎడమ వైపు నుంచి మాత్రమే వినిపిస్తుంది.

ఫోన్ చేశాను.

"కరియా గారూ, నేను హోరిబెని. రెండో చరణం ముందు గిటార్ మర్చిపోయినట్టున్నారు."

"సితారా? ఆ పాటలో సితార్ ఎక్కడుందండీ?"

"గిటార్ అండీ. గి... టార్."

"ఒక్క నిమిషం ఆగండి." ఫోను ఒక చేతిలోంచి ఇంకో చేతిలోకి మారిన చప్పుడు. "ఇప్పుడు చెప్పండి. గిటారా? అవును, పెట్టాలి. పెడతాను."

"ఇందాక ఏ చెవికి పెట్టుకున్నారు ఫోను?"

అవతల నుంచి వాన చప్పుడు మాత్రం వినిపించింది. తర్వాత ఫోను పెట్టేశారు.

మర్నాడు ఆదివారం. గొడుగేసుకుని, ఊరికే పలకరించడానికి వచ్చినట్టు ఒక మిఠాయి డబ్బా పట్టుకుని వాళ్ళింటికి వెళ్ళాను. తలుపు తీసింది వాళ్ళ నాన్న ఇవావో గారు. డెబ్భై తొమ్మిదేళ్ళ మనిషి, నిటారుగా ఉంటాడు. ఒకప్పుడు సకాయె పేటలో పెద్ద కాబరే వాద్యబృందంలో ట్రంపెట్ వాయించేవాడు. ఊరికి పాడటానికి వచ్చిన పాత బాణీ ఎన్కా పాటల గాయకులందరి వెనకా ఆయన నిలబడ్డాడు. తర్వాత కరోకె యంత్రాలు వచ్చాయి. ఒక యంత్రం ఉంటే పదహారు మందితో పనేముంది? బృందం బృందమంతా ఇళ్ళకు పోయింది. ఈయన పళ్ళు ఊడేదాకా టాక్సీ నడిపాడు. కూతురు ఈ పనిలో చేరిన రోజు నుంచి ఆమె గది గడప తొక్కలేదని విన్నాను.

ఆ రోజు ఆయన ఆ గదిలోనే ఉన్నాడు. నాకు తలుపు తీసి, మాట్లాడకుండా వెనక్కి వెళ్ళి, నేలమీద దిండు మీద కూర్చుని, కూతురి హెడ్‌ఫోన్లు నెత్తిన పెట్టుకున్నాడు. కళ్ళు మూసుకుని "డూమ్, డూమ్, డుడుమ్" అంటూ బేస్ గిటార్ వరస గొంతుతో పలుకుతున్నాడు. మినెకో గారు ఆయన పెదాలే చూస్తూ ఒక్కొక్క స్వరం కీబోర్డు మీద ఎక్కిస్తున్నారు. ఎడమ చెవిలో దూది, దాని మీంచి తలకు తువ్వాలు. మొహం సున్నం కొట్టిన గోడలా ఉంది.

నన్ను చూసి ఆవిడ లేవలేదు. పెద్దాయనే హెడ్‌ఫోన్లు కిందికి లాక్కున్నాడు.

"రండి, రండి. మా పదహారు మంది పొట్ట కొట్టిన యంత్రానికి ఇవాళ నేనే పాఠం చెబుతున్నా. మావాళ్ళలో ఒక్కడు బతికున్నా చెప్పుచ్చుకు కొట్టేవాడు."

"నాన్నా, ఊరుకో."

"ఊరుకోక ఏం చేస్తున్నానే? పొద్దుటి నుంచీ డూమ్ డూమ్ అంటున్నా."

నేను ఆవిడ కుడి పక్కకు వెళ్ళి కూర్చున్నాను. "ఎప్పటి నుంచి?" అని అడిగాను.

"గురువారం. లేచేసరికి చెవిలో నీళ్ళు పోయినట్టుంది. స్నానం చేస్తే పోతుందనుకున్నా." ఆవిడ కీబోర్డు మీద ఒక మెట్టు నొక్కారు. "ఇది మీకు ఎన్ని స్వరాలుగా వినిపిస్తోంది?"

"ఒకటి."

"నాకు రెండు. కుడి చెవిలో ఇది. ఎడమ చెవిలో ఇంకోటి, దీనికంటే కిందిది, పగిలిన రేకు డబ్బా కొట్టినట్టు. ఏది నొక్కినా రెండు. ఒక పాట వింటుంటే పక్క గదిలో ఎవరో తాగినవాళ్ళు అదే పాట తప్పుగా పాడుతున్నట్టుంటుంది. వాళ్ళు ఆపరు. అందుకని దూది పెట్టా. పెడితే హోరు. రైలు వెళ్ళిపోకుండా అక్కడే నిలబడి రొద పెడుతున్నట్టు."

"డాక్టరుకి చూపించారా?"

"శుక్రవారం వెళ్ళొచ్చా. మంగళవారం వచ్చి చేరతానని చెప్పా."

"డాక్టరేమన్నాడని అడుగుతున్నా."

ఆవిడ కాగితాలు సర్దుకోవడం మొదలుపెట్టారు. పెద్దాయన చెప్పాడు.

"ఇవాళే చేరమన్నాడు. అంటే శుక్రవారం. పది రోజులు స్టెరాయిడ్ ఎక్కించాలన్నాడు. చప్పుడన్నది చెవిన పడకూడదన్నాడు. రెండు వారాలు దాటితే ఇక ఆ చెవి సంగతి మర్చిపోవచ్చన్నాడు. ఈలోగా కూడా గడిచిన ప్రతిరోజూ నష్టమేనన్నాడు. ఇదేమో హెడ్‌ఫోన్లు పెట్టుకు కూర్చుంది."

"కరియా గారూ, ఇప్పుడే బయల్దేరండి. నేను మా విభాగాధిపతికి ఫోన్ చేస్తాను. పాట ఒకటి రెండు రోజులు ఆలస్యమైతే ఆకాశం ఊడిపడదు."

ఆవిడ కుర్చీలోంచి దిగారు. దిగి, చాప మీద మోకాళ్ళ మీద కూర్చుని, రెండు చేతులూ ముందుకు పెట్టి, నుదురు నేలకు ఆనించారు. నాకంటే ఆరేళ్ళు పెద్దావిడ. ఏం చేయాలో తెలియక నేనూ మోకాళ్ళ మీద కూలబడ్డాను.

"లేవండి. దయచేసి లేవండి."

"ఈ ఒక్క పాట. ఈ ఒక్కటి పూర్తిచేయనివ్వండి. ఇరవయ్యారేళ్ళలో ఒక్కసారి ఆలస్యం చేశానా?"

"చేయలేదు. అందుకే అంటున్నా, ఒక్కసారి చేస్తే ఎవరూ..."

"ఒక్కసారంటే ఇప్పుడు అదే ఆఖరుసారి. మీకు తెలుసు. తెలిసి అబద్ధమాడకండి."

నాకు తెలుసు. పాట వినిపిస్తే దానంతటదే వరసలు రాసిపెట్టే సాఫ్ట్‌వేర్ ఏప్రిల్లో ఆఫీసులోకి వచ్చింది. అది రాసింది ప్రాణం లేనట్టుంటుంది, తప్పులూ ఉంటాయి, కానీ అరగంటలో రాస్తుంది. ఇళ్ళలో కూర్చుని పనిచేసే పదకొండు మందిలో అప్పటికే నలుగురికి పాటలు ఇవ్వడం మానేశారు. "కరియా గారు ఒక్కరే ఎప్పుడూ తప్పు చేయరు కాబట్టి ఉంచాం, అది కూడా ఆమె తప్పు చేసేదాకా" అని మా విభాగాధిపతి నా ముందే నవ్వుతూ అన్నాడు. చెవి పోయిందని తెలిస్తే ఇక చెప్పేదేముంది?

పెద్దాయన నావైపు చూశాడు. ఆయన కళ్ళు నన్ను ఒప్పుకోవద్దని వేడుకుంటున్నాయని ఇప్పుడు అనుకుంటాను. అప్పుడు అలా అనిపించలేదో, అనిపించనివ్వలేదో.

"సరే. ముగ్గురం కలిసి చేద్దాం. ఎంత తొందరగా అయితే అంత తొందరగా ఆస్పత్రికి" అన్నాను.

నిజం చెప్పాలంటే ఆ క్షణంలో నాకు కొంచెం సంతోషం కూడా వేసింది. ఆవిడ పక్కన కూర్చుని పనిచేయడం అదే మొదటిసారి.

పని పంచుకున్నాం. ఎడమ వైపు శబ్దాన్ని కుడి వైపుకు మళ్ళించి ఆవిడకు ఒక్క చెవికే అందేలా చేశాను. పాడే గొంతుల వరస, డ్రమ్ములు ఆవిడవి. పైస్థాయి వయొలిన్లు వయసు వల్ల పెద్దాయనకు అందవు, ఆవిడకు హోరులో కలిసిపోతాయి, అందుకని అవి నేను తీసుకున్నాను. కింది స్వరాలన్నీ పెద్దాయనవి. ఆయన చెవి చూసి నాకు మతిపోయింది. ఒక్కసారి వింటే చాలు, తొడ మీద తాళం వేస్తూ వరస మొత్తం అప్పజెప్పేవాడు.

"ఈ బేస్ వాయించినవాడు మంచివాడే. పిల్లల పాట కదా అని ఒళ్ళు దాచుకోలేదు" అన్నాడొకసారి.

"పిల్లల పాటంటే ఏమనుకున్నావ్ నాన్నా?"

"నువ్వు ఇన్నేళ్ళూ ఏం చేస్తున్నావో నాకేం తెలుసు? యంత్రానికి మేత వేస్తున్నావనుకున్నా."

ఆవిడ నవ్వారు. నవ్విన మరుక్షణం నోరు మూసుకుని బాత్రూమ్‌లోకి పరిగెత్తారు. తల తిరిగి వాంతి. మొహం కడుక్కుని, గోడ పట్టుకుంటూ వచ్చి మళ్ళీ కూర్చున్నారు. ఆ రెండు రోజుల్లో అలా ఎన్నిసార్లు జరిగిందో లెక్కపెట్టలేదు. ప్రతిసారీ నేను "ఇక చాలు" అందామనుకున్నాను. ప్రతిసారీ ఆవిడ కూర్చోగానే నేనూ హెడ్‌ఫోన్లు పెట్టుకున్నాను.

సోమవారం మధ్యాహ్నం ఆఖరు పల్లవి దగ్గర పని ఆగిపోయింది. అమ్మాయిలు ఒక్కొక్కరుగా పాడటం మానేసి చివరికి ఒకే ఒక్క గొంతు మిగిలే చోటది. అక్కడ బేస్ గిటార్ ఒక స్వరం మీద నిలబడుతుంది.

"అరస్వరం కిందికి దిగుతుంది" అన్నాడు పెద్దాయన.

"దిగదు. అక్కడే ఉంటుంది" అన్నారు ఆవిడ.

"దిగుతుందే తల్లీ. అమ్మాయి పైన ఒంటరిగా అయిపోతోంది కదా. కింద నేల కూడా జారినట్టు చేశాడు వాడు."

"నువ్వు కథలు చెప్పకు. నాకు వినిపిస్తోంది. దిగదు."

నేను విన్నాను. పెద్దాయన మాటే నిజం. అనుమానానికి తావే లేదు. ఆవిడ నావైపు తిరిగారు.

"మీరు చెప్పండి."

"మళ్ళీ ఒకసారి వినండి" అన్నాను.

ఆవిడ విన్నారు. మళ్ళీ విన్నారు. తువ్వాలు లాగి పారేశారు, దూది పీకేశారు, హెడ్‌ఫోన్లు రెండు చెవులకూ అదిమి పట్టుకుని శబ్దం పెంచారు. బయటికే వినిపించేంత పెంచారు. నేను చెయ్యి చాపితే విదిలించి కొట్టారు. కళ్ళు గట్టిగా మూసుకుని, పళ్ళు బిగించి, ఆ నాలుగు క్షణాల ముక్కను ముప్పై సార్లు విన్నారేమో. తర్వాత అరచేత్తో ఎడమ చెవి మీద కొట్టుకోవడం మొదలుపెట్టారు. చెడిపోయిన రేడియోను కొట్టినట్టు.

పెద్దాయన వెళ్ళి ఆ చెయ్యి పట్టుకున్నాడు.

"వదులు! నీకు వినపడదు! ముసలాడివి, నీకేం వినపడుతుంది?" ఆవిడ గొంతు చించుకుని అరిచారు.

"నాకు వినపడదే. సరే. నాకు వినపడదు" అన్నాడాయన. "నువ్వు చెప్పిందే రాయి."

ఆవిడ రాశారు. తర్వాత నేను టీ కలుపుతుంటే పెద్దాయన వంటింట్లోకి వచ్చాడు. నీళ్ళ కుండీ దగ్గర పక్కపక్కన నిలబడ్డాం.

"తప్పు ఎక్కడుందో నీకు తెలుసుగా" అన్నాడు.

"తెలుసండీ. పంపేముందు నేను సరిచేస్తాను."

"వద్దు. దాని స్వరమే ఉంచు."

"కానీ అది..."

"ట్రంపెట్ వాయించే రోజుల్లో నా పెదవి పగిలింది ఒకసారి. ఆ రోజు నేను తప్పు వాయించాను. పక్కనున్నవాడు నా వరస తను అందుకుని కప్పేశాడు. వాణ్ణి నేను ఇప్పటికీ క్షమించలేదు." ఆయన కళ్ళజోడు తీసి చొక్కాతో తుడుచుకున్నాడు. "ఉంచు."

మంగళవారం పదకొండింటికి పాట పంపాను. గడువుకు గంట ముందు. తప్పు స్వరంతోనే పంపాను. టాక్సీలో ఆవిడ మధ్యలో, నేనూ పెద్దాయనా చెరో పక్కన. నేను ఎడమ వైపు కూర్చున్నాను. దారిలో ఏదో ధైర్యం చెప్పాను. ఆవిడ తల తిప్పలేదు. వినపడలేదని చాలాసేపటికి అర్థమై ఊరుకున్నాను. డాక్టరు పరీక్ష చేసి, కాగితం మీద వినికిడి గీత చూసి, ఆవిడను ఏమీ అనలేదు. మా ఇద్దరి వైపూ చూశాడు. ఆ చూపు చాలు.

బుధవారం ఒక్కరోజే ఆ పాటను మా యంత్రాల మీద నలభై ఒక్క వేల సార్లు పాడారు. శనివారం ఆస్పత్రికి వెళ్ళి ఆ అంకె చెప్పాను. చెవి దగ్గరగా వెళ్ళి చెప్పకూడదన్నారు కాబట్టి కాగితం మీద రాసి చూపించాను. ఆవిడ చాలాసేపు చూశారు. చేతికి సూది, పైన సీసా.

"ఫిర్యాదులు?" అన్నారు.

లేవని తల ఊపాను. అది నిజమే. ఒక్కటంటే ఒక్కటీ రాలేదు.

"ఆ ఆఖరు పల్లవి స్వరం. నాదే కరెక్టు కదూ?"

అవునని రాశాను. ఆవిడ నా చేతిలోంచి కాగితం తీసుకుని మడిచి దిండు కింద పెట్టుకున్నారు. కిటికీ దగ్గర పెద్దాయన మాకు వీపు చూపిస్తూ నిలబడి ఉన్నాడు.

మెట్లు దిగి స్టేషను వైపు నడిచాను. నలభై ఒక్క వేల సార్లు పాడినవాళ్ళలో ఒక్కరికీ ఆ తేడా తెలియలేదు. నేను రెండు రోజుల ముందే విభాగాధిపతికి చెప్పి, యంత్రం అరగంటలో రాసిన చచ్చు వరస పెట్టినా వాళ్ళు అలాగే పాడుకుని, అలాగే ఏడ్చి, ఇళ్ళకు వెళ్ళేవాళ్ళు. ఆ ఆలోచన వచ్చి రైలు స్టేషను దగ్గర గోడకు ఆనుకుని నిలబడిపోయాను. మూడు రైళ్ళు వెళ్ళిపోయాయి.

పది రోజుల మందు ఎక్కించినా చెవి తిరిగి రాలేదు. హోరు మాత్రం ఉండిపోయింది. "ఇంటి పరిస్థితుల వల్ల" అని ఒక్క వాక్యం రాసి ఆవిడ పని మానేశారు. మా విభాగాధిపతి పూలు పంపమన్నాడు, పంపాం. సెప్టెంబరుకల్లా ఇళ్ళ దగ్గర పనిచేసేవాళ్ళు ఎవరూ మిగల్లేదు. ఇప్పుడు నేను సాఫ్ట్‌వేర్ రాసినవాటిని దిద్దుతున్నాను. రోజుకు ఇరవై పాటలు.

నవంబరులో పెద్దాయనే ఫోన్ చేసి చెప్పాడు, ఆవిడ సూపర్ మార్కెట్లో వండిన కూరలమ్మే చోట పని చేస్తోందని. "ఒకసారి వెళ్ళి కనిపించు. నాతో మాట్లాడట్లేదు. ఎవరితో మాట్లాడట్లేదు" అన్నాడు.

సాయంత్రం నాలుగింటికి వెళ్ళాను. తెల్ల టోపీ, మూతికి మాస్కు. అద్దం వెనక వేడివేడి బంగాళాదుంప కొరొక్కెలు పేరుస్తున్నారు. నెత్తి మీద స్పీకరులో ఏదో కొత్త పాట ఆగకుండా మోగుతోంది. నేను కుడి వైపు నుంచి వెళ్ళి పలకరించాను. ఆవిడ ఆశ్చర్యపోలేదు.

"ఎన్ని కావాలి?"

"నాలుగివ్వండి. కరియా గారూ, నేను మీతో ఒక మాట..."

"ఇక్కడ పెద్దగా మాట్లాడండి. లేకపోతే వినపడదు."

చుట్టూ జనం. ఆ జనంలోనే, కొరొక్కెల ధర అడిగినంత గట్టిగా అడిగాను: "ఆ ఆదివారం నేను ఆఫీసులో చెప్పేసి ఉండాల్సిందా?"

ఆవిడ చేతిలో పట్టకారు ఆగింది.

"చెప్పి ఉంటే జన్మలో మిమ్మల్ని క్షమించేదాన్ని కాదు" అన్నారు. నాలుగు కొరొక్కెలు డబ్బాలో సర్ది మూత వేశారు. "చెప్పనందుకూ క్షమించలేకపోతున్నా. రోజూ ప్రయత్నిస్తున్నా. పొద్దున్న లేచి, చెవి దగ్గర వేళ్ళు నలిపి చూసుకుని, ఇవాళ క్షమిద్దామనుకుంటా. కుదరట్లేదు. మీ తప్పు కాదని తెలుసు. ఒట్టు, తెలుసు. సాస్ వేయమంటారా?"

"వేయండి."

"మళ్ళీ రాకండి హోరిబె గారూ. మిమ్మల్ని చూస్తే ఆ రెండు రోజులు బాగా గడిచాయని గుర్తొస్తోంది. నాన్న డూమ్ డూమ్ అనడం, మీరు వయొలిన్లు రాయడం. అది నేను భరించలేను."

నా వెనక ఒక ముసలామె బుట్టతో నిలబడి ఉంది. ఆవిడ ఆమె వైపు తిరిగి, మాట అందడానికి తల కొంచెం వంచి, "చెప్పండమ్మా" అన్నారు.

బయట సైకిళ్ళు పెట్టే చోట నిలబడి డబ్బా తెరిచాను. మా ఇంట్లో ఉండేది నేనొక్కణ్ణే, నాలుగు ఎందుకు అడిగానో నాకే తెలియదు. నోరు కాలుతున్నా ఆగకుండా నాలుగూ అక్కడే తినేశాను.